కళ్లంలో దొరవారి గుడారం

రాళ్లగుడిపాడు గ్రామం, పల్నాడు తాలూకా
తేది 18-6-1945

ధాన్య సేకరణ స్పెషల్ ఆఫీసరు దొరగారి సముఖమునకు, జొన్న రైతు మన్నెం బసవయ్య వ్రాసుకొన్న అర్జీ.

అయ్యా,

విషయం: నా కళ్లములో వేయించిన తమ గుడారమును వేరొక చోటికి మార్పించుట గురించి.

1. దాచిన జొన్నలు పట్టుకొనుటకు తమరు మా గ్రామమునకు దయచేసి నేటికి పదకొండు దినములైనది. ఊరిలో ఇన్ని కళ్లములుండగా, గడ్డివామి తీయించి మరీ నా కళ్లములోనే గుడారము వేయించినారు. ఇది నా పూర్వజన్మ సుకృతము. అయితే సుకృతము కూడ మితముగా ఉండవలెనని మనవి.

2. సదరు స్థలమున తేళ్లు మెండు. ఇంతవరకు ఒక్కటియు కనబడలేదని తమరు సెలవిచ్చినారు. తేళ్లు గదా, అధికారులు వచ్చినప్పుడు దాగుట వాటి స్వభావము. నేను జొన్నల మాట అనుట లేదు.

3. కరణం గారి అరుగు బహు చల్లన. ఆయన అక్కడ కూర్చుండియే నా చేను పంట ఎంతో అంచనా వ్రాసినారు. కంకులకు కాటుక తెగులు తగిలిన సంగతి అరుగు మీదికి కనబడలేదు. ఆ అంచనా ప్రకారమే సర్కారుకు లెవీ జొన్నలు కొలిచి ఇచ్చితిని. అంత చల్లని చోటు ఉండగా తమరు నా కళ్లములో ఎండుట న్యాయము కాదు.

4. మృగశిర చినుకులు మొదలైనవి. గుడారము చుట్టూ తమరు కాలువ త్రవ్వించినారు. ఆ నీరు లోనికి ఇంకి నేల పాడగును. కేవలము నేల. నేల కింద ఉండునది కూడ నేలయే. చినుకు పడినప్పుడల్లా నా భార్య పిచ్చమ్మ గుండెలు బాదుకొనుచున్నది. ఆమెకు నేల అనిన అంత ప్రీతి.

5. గాలికి గుడారము ఊగుచున్నదని మేకులు ఇంకను లోతుగా దించుమని తమరు ఆజ్ఞాపించినట్లు విన్నాను. దయయుంచి దించవద్దు. అలికిన కళ్లము దెబ్బకు ఓర్వదు. నేనును ఓర్వను.

కావున తమరు గుడారమును ఈ పూటే కరణం గారి దొడ్డికి మార్పించి, నన్ను పెండ్లాము బిడ్డలతో బ్రతుకనిచ్చుటకు చిత్తగించవలెను.

తమ విధేయుడు,
మన్నెం బసవయ్య

తా.క. పై అర్జీ మడుచుచుండగా తమ బంట్రోతు దావూద్ పరుగున వచ్చినాడు.

"బసవయ్య మామా, మేకు కొడితే కింద బోలుగా మోగింది. మన్ను తీస్తే బండ, బండ లేపితే పాతర! చానా లోతుంది. దొరగారు నన్ను ఇప్పుడే దిగమన్నాడు. నీ నిచ్చెన ఇయ్యి" అన్నాడు.

నేను ఇవ్వలేదు.

అయ్యా, ఆ పాతర నాదే. అందులో జొన్నలు నావే. లెవీ ఇచ్చాక మిగిలిన తిండిగింజలు, విత్తనాలు అవే. తమరు వచ్చిన మొదటి రోజే పిచ్చమ్మ, "ఏందయ్యా ఇది, మన జొన్నల మీద మంచమేసుకొని జొన్నలేవీ అని అడుగుతున్నాడు?" అని నోట్లో కొంగు కుక్కుకొని నవ్వింది. తరువాత ఏడ్చింది.

మూసిన పాతరలో చెడ్డగాలి ఉంటుంది. బండ తీసి ఒక రోజు వదిలేయాలి. ఆ తరువాత తాడుతో దీపం దించి, అది కొండెక్కకుండా వెలిగితేనే మనిషి దిగాలి. మా తమ్ముడు వెంకట్రామయ్య ఆత్రంతో దీపం దించకుండా దిగాడు. నేనే పైకి లాగాను. అప్పటికే పోయాడు. దావూద్‌కు ఈ పద్ధతి తెలియదు, వాడు బస్తీ మనిషి. వాడికి ముగ్గురు పిల్లలు.

ఈ కాగితం వాడి చేతికే ఇచ్చి పంపుతున్నాను. నిచ్చెన మీద నేను కూర్చున్నాను. రేపు పొద్దెక్కాక లాంతరు తీసుకొని నేనే వస్తాను, నేనే దిగుతాను. గింజలన్నీ మీరే కొలుచుకోండి. విత్తనాలకు ఒక్క కుంచెడు వదిలితే మీ దయ.

తేళ్లు లేవు. ఎప్పుడూ లేవు. దావూద్‌ను మాత్రం దించకండి.