మూడో నంబరు సంచిలో నా దారం

మా అన్న కుట్టు ఊడలేదు. ఊడిన కుట్టు మా అన్నది కాదు. అయినా నలభై రోజులుగా షెడ్డు నోటీసు బోర్డు మీద "కుట్టువాడి అజాగ్రత్త వల్ల గాలిఓడ కూలింది" అన్న కాగితం వేలాడుతోంది. ముప్పై ఒక్కమంది చావునీ చచ్చిపోయిన మనిషి నెత్తిన రుద్దేశారు. చచ్చినవాడు తిరగబడడుగా!

నాకు ఇరవై మూడేళ్లు. గ్యాసు సంచులు కుట్టడం, అతుకులు వేయడం నా పని. తాగి లేను, జ్వరం లేదు, ఎవరూ నా చెయ్యి పట్టుకుని రాయించడం లేదు. నాకు మతి చలించిందని రేపు మేస్త్రీ అంటాడు. మతి చలించినవాడితో ముప్పై ఆరడుగుల కుట్టు ఎందుకు వేయించావని అడగండి. నా తదనంతరం అమలు కావలసిన వీలునామా ఇది. ఇంతకు ముందు వేరేది రాయలేదు. ఎవరైనా తెచ్చి చూపిస్తే అది దొంగది.

1. దీన్ని అమలు జరిపే బాధ్యత మా వదినకు అప్పగిస్తున్నాను. బంధువుల్లో బావ పెద్దవాడే గానీ, వారం నుంచి ఆయన మేస్త్రీ పక్కన కూర్చుని టీ తాగుతున్నాడు. ఎందుకో నాకు తెలీదు. తెలిసేదాకా ఈ కాగితం ఆయన చేతికి ఇవ్వకూడదు.

2. జరిగింది రాస్తున్నాను, ఇదీ వీలునామాలో భాగమే. కొండ కనుమ మీది గాలిదారి ఎవరిదైతే సరుకు రవాణా వాళ్లది. అందుకే మా కంపెనీకీ అవతలి కంపెనీకీ పోరు. ఆ రోజు నేను వెనక ఓడలో ఉన్నాను, అన్న ముందు ఓడలో. అవతలివాళ్లు ఇంకా ఫిరంగి మూతి తిప్పనేలేదు. అన్న ఓడ మూడో సంచి దానంతటదే బారున చీలింది. దెబ్బ తగలకుండానే పడిపోయిన ఓడను నేను కళ్లారా చూశాను.

అన్నది ఎడమచేతి వాటం. అతని కుట్టు ఎడమకు వాలుతుంది. "ఒరేయ్, నీ కుట్టు కూడా నీలాగే అడ్డదిడ్డంరా" అని మేస్త్రీ ఎన్నిసార్లు ఎగతాళి చేశాడో షెడ్డంతా విన్నది. కూలినచోట నేను ఏరుకొచ్చిన గుడ్డ మీద కుట్టు కుడికి వాలింది. గుడ్డ పాతది, పైన సంచి నంబరు అంకె మాత్రం కొత్త రంగుతో వేసింది. కిందటి వారం యజమాని సరుకు ఓడకు అతుకు వేయమంటే లోపలికి దూరాను. ఎడమకు వాలిన కుట్టు! వేళ్లతో తడిమి చూశాను. అన్న పోయాడు గానీ అన్న కుట్టు ఇంకా ఎగురుతోంది, పంచదార బస్తాలు మోసుకుంటూ. కొత్త సంచులు సరుకుకి, పాత సంచులు పోరుకి.

మా తప్పు కూడా ఉంది. కుట్టినవాడే ముందు ఎక్కాలన్నది మా షెడ్డు ఆచారం. ఎక్కేముందు అంకె చూస్తాం, కుట్టు చూడం. అన్న అంకె చూసి ఎక్కాడు. "నువ్వూ అంకె చూసే ఎక్కుతావా పొట్టోడా?" అని వదిన అడిగింది. ఆ రోజు నుంచి నాకు నిద్ర లేదు.

3. నా మూడంగుళాల సూదులు, మైనం ముద్ద, వేలి తొడుగు చెల్లికి. నాకంటే సన్నగా కుడుతుంది. ఆడపిల్ల షెడ్డులోకి ఎందుకన్నది నేనే, మూడేళ్ల కిందట. ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను.

4. అన్న కోటు వదినకు తిరిగి ఇస్తున్నాను. చలికని తీసుకున్నాను గానీ వాసన పోతుందని తొడుక్కోలేదు.

5. నా పాత చెప్పుల జత మేస్త్రీకి, సర్వహక్కులతో. ఎందుకో ఆయనకే తెలుసు.

6. నేను ఏరుకొచ్చిన గుడ్డముక్క ఎవరికీ రాయడం లేదు. ఎక్కడుందో కూడా రాయను.

7. ఈ మధ్యలో నేను నిచ్చెన మీంచి జారిపడ్డానని ఎవరైనా చెబితే నమ్మకండి. తొమ్మిదేళ్లలో ఒక్కసారి కూడా జారలేదు.

8. శనివారం పొద్దున లేచే ఓడకు మూడో సంచి నేనే కుట్టాను. ఆచారం ప్రకారం నేనే ముందు ఎక్కాలి. నిన్న ఆ సంచి మీద అంకె ముట్టుకుంటే రంగు వేలికి అంటింది. నేను కుట్టి, అంకె వేసి పదకొండు రోజులైంది. పదకొండు రోజులు ఆరని రంగు ఉంటుందా?

నా కుట్టులో, లోపలి వైపు, ఒక జానెడు అమ్మ పెట్టెలోంచి తీసిన దారంతో కుట్టాను. ఏ రంగో ఇక్కడ రాయను. రాస్తే పొద్దుటికల్లా అదే రంగు దారం ఏ సంచిలోనైనా మొలుస్తుంది. అది అమ్మకొక్కదానికే తెలుసు.

కాబట్టి నా కోరిక ఇది. సంచి గ్యాసు వదిలి, షెడ్డు అందరి ఎదుటా, అమ్మను పక్కన నిలబెట్టుకుని కుట్టు విప్పి చూపించాలి. మళ్లీ నింపడానికి ఒక రాత్రి చాలని మేస్త్రీకి తెలుసు. దారం కనబడితే ఆయన కాళ్లు పట్టుకుని క్షమాపణ చెప్పి నిచ్చెన ఎక్కుతాను, చెప్పులూ వెనక్కి తీసుకుంటాను. కనబడకపోతే ఎక్కను. కుట్టినవాడు ఎక్కనిదే ఓడ లేవదు. బోర్డు మీది కాగితం చింపి, అన్న పేరు కడిగి, సరుకు ఓడలోని సంచి దింపి చూపించాలి.

మేస్త్రీ, యజమాని ఒప్పుకుంటారో లేదో రాతపూర్వకంగా, రేపు శుక్రవారం మధ్యాహ్నం పన్నెండు గంటల సైరను మోగేలోగా చెప్పాలి. జవాబు నాకు వద్దు. గేటు దగ్గర అమ్మ నిలబడి ఉంటుంది, ఆమె చేతికి ఇవ్వండి.

పద్నాలుగో తేదీ, గురువారం, భోజనాల వేళ.

సంతకం: ఎడమచేతివాడి తమ్ముడు

సాక్షులు:
టీకొట్టు పిన్ని (చదివించుకుని విని, వేలిముద్ర వేసింది).
ఇంజను తాత (మేస్త్రీతో పేకాడతాడు. అందుకే ఈయన సంతకం కావాలన్నాను, రేపు చూడలేదనలేడు).