తెర మీద మస్తాన్ లేడు

ఆదివారం, సత్తెనపల్లి

మా రాక్ బ్యాండ్ మీద తీసిన సినిమాను ఈరోజు మ్యాట్నీలో చూశాం. పదిహేనేళ్లుగా నా పక్కన డ్రమ్స్ వాయిస్తున్న మస్తాన్ తన తల్లిని కూడా తీసుకొచ్చాడు. ఇదివరకు రెండు సంగీత చిత్రాల్లో మేమిద్దరం కనిపించాం కాబట్టి ఆవిడ ఆశగా వచ్చింది.

తెర మీద గిటార్‌తో నేనున్నాను. డ్రమ్స్ దగ్గర ఎవరో కొత్త నటుడు కూర్చున్నాడు. వినిపించే వాయింపు మాత్రం మస్తాన్‌దే.

"నువ్వెక్కడున్నావురా?" అని ఆవిడ అడిగింది.

"వెనక చీకట్లో ఉన్నానమ్మా, సరిగ్గా చూడు," అన్నాడు మస్తాన్. సినిమా అయ్యేదాకా ఆవిడ ముందుకు వంగి వెతుకుతూనే ఉంది.

మస్తాన్ మొహం తెరకు పనికిరాదని, వాడితో తీసిన సీన్లు వేరేవాణ్ణి పెట్టి మళ్లీ తీస్తామని డైరెక్టర్ నాకు ఆర్నెల్ల క్రితమే చెప్పాడు. కాదంటే నన్నూ తీసేస్తాడేమోనని భయపడి సరేనన్నాను. మస్తాన్‌కు చెప్పలేదు.

బయటికొచ్చాక వాడు అడిగాడు. "ఏరా, నీకు ముందే తెలుసా?"

"తెలియదురా."

"అదేలే. తెలిసుంటే నువ్వు ఊరుకునేవాడివా!" అని నా భుజం తట్టి, వాళ్లమ్మను బండెక్కించుకుని వెళ్లిపోయాడు.

రేపు పొద్దున పత్తి గోడౌన్‌లో రిహార్సల్ ఉంది. తాళం నా దగ్గరే ఉంటుంది. వాడికంటే ముందే వెళ్లి తలుపు తియ్యాలి.