సలీం మోకాలు

అల్ కుసైస్, శుక్రవారం రాత్రి, డిసెంబరు 1983

సలీం మా ఫైర్ స్టేషన్ హాకీ జట్టు గోల్‌కీపర్. ఎడమ మోకాలు నొప్పని నాకొక్కడికే చెప్పాడు. నేను అన్నం తింటూ ఆ మాట లింగయ్య బావతో అన్నాను. పోలీసు మెస్‌లో వంట చేసే బావ, "నా కడుపులనే దాసుకుంట" అన్నాడు.

ఈరోజు డేరా పేటలోని మంచు మైదానంలో అనాథ పిల్లల సాయం కోసం మావాళ్లూ పోలీసులూ హాకీ ఆడారు. పోలీసులు రబ్బరు బిళ్లను ప్రతిసారీ సలీం ఎడమవైపే కొట్టారు. చివరికి అతను కూలబడ్డాడు. ఆసుపత్రిలో నన్ను చూసి గోడవైపు తిరిగాడు.

గదికొచ్చి అడిగాను. "బావా, నువ్వే చెప్పినవా?"

"చెప్పిన. మా ముదీర్, గదే మా పెద్దసారు, మస్తు ఖుషీ అయిండు. ఆటనే కదరా, ఖలాస్!"

అక్క మొగుడు. ఇంకేమనను? పక్క మంచం మీద హాయిగా గురక పెడుతున్నాడు. పొద్దున మళ్లీ ఆయన పెట్టిన చాయే తాగాలి.