రెండు వారాలు దాటిన పుండు

ప్రియమైన అన్నయ్యకు,

నోటి జబ్బుల మీద పత్రికకు రాసిన వ్యాసాలన్నీ కలిపి పుస్తకం వేస్తున్నారు. అచ్చుతప్పులు దిద్దడానికి నీకన్నా చాదస్తుడు దొరకడు కాబట్టి ప్రూఫులు పంపుతున్నాను. క్యాన్సర్ అధ్యాయం మాత్రం రెండుసార్లు చదువు, ఒకసారి దిద్దడానికి, ఒకసారి నీకోసం. ముప్ఫై ఏళ్ళుగా బుగ్గన పొగాకు పెట్టుకునే మనిషివి. కోప్పడకు.

నీ చెల్లి

---

ప్రియమైన డాక్టరమ్మకు,

నూట పన్నెండు తప్పులు. ‘చిగుళ్ళు’ ఒక్కదాన్నే మూడు రకాలుగా రాశావు. నలభయ్యో పేజీలో, రెండు వారాలు దాటినా మానని పుండును నొప్పి లేకపోయినా చూపించుకోవాలన్నావు. నొప్పే లేకపోతే జనం ఎందుకొస్తారే? ఇంకాస్త వివరంగా రాయి. బుగ్గలో తెల్లమచ్చ గీకినా పోకపోతే అది ఏ పేజీలోకి వస్తుంది? ఊరికే అడుగుతున్నాను. ఈ ఉత్తరం మీ వదినకు చూపించలేదు.

అన్నయ్య

---

ప్రియమైన అన్నయ్యకు,

ఊరికే ఎవరూ బుగ్గలోపల గీక్కోరు. గురువారం పొద్దున్నే బస్సెక్కు. వదినను వెంటబెట్టుకురా. ప్రూఫులు ఆగితే ఆగనీ.

చెల్లి

---

ప్రియమైన చెల్లాయికి,

రిపోర్టు అందింది. క్యాన్సర్ కాదని నువ్వు కింద రాసిన ముక్కను మీ వదిన నాలుగుసార్లు చదివింది. నువ్వన్నట్టే మూడు నెలలకోసారి వచ్చి చూపించుకుంటాను. పొగాకు డబ్బా ఆవిడ చేతిలో పెట్టేసి పదకొండు రోజులైంది. కనబడ్డవాళ్ళందరినీ కసురుతున్నాను, పాపం భరిస్తున్నారు.

ఇంకో సంగతి. ఆ రోజు అద్దం ముందు నోరెలా చూసుకోవాలో నీ నోరే తెరిచి చూపించావు కదా. నాలుక పక్కకి తిప్పగానే వదిన “అదేంటి, అక్కడ ఎర్రగా ఉంది?” అంది. “పన్ను ఒరుసుకుంటోంది, అంతే” అని గబుక్కున నోరు మూసేశావు. బస్సులో దారిపొడుగునా ఆవిడది అదే మాట. అది వచ్చి ఎన్నాళ్ళయింది? నీకు ఏ అలవాటూ లేదని తెలుసు. అయినా అడుగుతున్నాను.

అన్నయ్య

---

ప్రియమైన అన్నయ్యకు,

నీకు జవాబు రాయడానికి రెండు నెలలు పట్టింది. తిట్టుకునే ఉంటావు.

నువ్వు అడిగేనాటికి అది వచ్చి ఏడు వారాలు. రోజుకు ముప్ఫై నోళ్ళు చూస్తాను. పొగాకు ముట్టని నాకెందుకొస్తుందిలే అనుకున్నాను. ఒరుసుకుంటున్న పన్నును అరగదీయించుకున్నాను కూడా. పుండు మానలేదు. అప్పటికీ ఎవరికీ చూపించుకోలేదు. భయం, అన్నయ్యా. ఆ జబ్బు ఏం చేస్తుందో నలభై పేజీలు రాసినదాన్ని కదా, భయం ఇంకా ఎక్కువ.

నీ ఉత్తరం వచ్చిన మర్నాడు మా పెద్ద డాక్టరుగారి ముందు కూర్చుని నోరు తెరిచాను. క్యాన్సరే. చిన్నదే. నాలుక అంచు కొంత తీసేశారు. మెడలోని గ్రంథులకి పాకలేదు. అంతా అయ్యేదాకా నీకు చెప్పొద్దని మా ఇంట్లోవాళ్ళతో నేనే అన్నాను.

పుస్తకం ఆపించు. క్యాన్సర్ అధ్యాయం “పొగాకు అలవాటున్నవారు” అని మొదలవుతుంది. ఆ వాక్యం కొట్టెయ్. అక్కడ నా సంగతే రాస్తాను, ఏడు వారాలు ఎలా గడిపానో దాచకుండా.

నిన్నే మళ్ళీ పనిలోకి వెళ్ళాను. నాకిప్పుడు ‘ర’ అంటే ‘ల’ వస్తోంది. మొదటి పేషెంటు ఓ పెద్దాయన. నోరు తెరవమని మూడుసార్లు చెప్పాల్సి వచ్చింది. “తొందరేం లేదమ్మా, మెల్లగా చెప్పండి” అని, తర్వాత తెరిచాడు.

ఆదివారం వదినను పంపు. నువ్వు మాత్రం ఇంకో వారం ఆగి రా. నువ్వు మూతి బిగించి ఏడుపు ఆపుకుంటుంటే నాకు నవ్వొస్తుంది. నవ్వితే నాలుక ఇంకా లాగుతోంది.

నీ చెల్లి