రాయికి ఎటువైపు

కిల్‌బ్రాక్.

పురాతన శిలల కార్యాలయం వారికి, నమస్కారాలు.

నా భార్య గొబ్నిట్ మంగళవారం చనిపోయింది. ఆ రోజు ఉదయం టీ తాగింది. సోడా రొట్టె సగం తిని, మిగతాది కుక్కకు పెట్టమంది. సముద్రం మీద మంచు పట్టి ఉంది. మధ్యాహ్నం కిటికీలోంచి పొలంలోని గీతల రాయిని, పూర్వపు గీతల లిపి చెక్కిన ఆ నిలువు రాయిని, చూస్తూ, "ఏమయ్యా, ఆ ఆఫీసువాళ్లకు ఉత్తరం పెట్టు. నా మాట నువ్వెలాగూ నమ్మవు" అంది. నేను పాలు పితికి వచ్చేసరికి పోయింది.

సంగతి ఇది. ఆమెది కొర్క గ్వీనా తెగ. పూర్వం ఈ పడమటి తీరమంతా వాళ్లదే. నేను తూర్పున ఉన్న కియరీ తెగవాణ్ణి. ఆమె ఇంటికి ఇల్లరికం వచ్చాను. రెండు తెగల పాత హద్దు ఆ రాయే. రాయి ఇంటికి పడమట ఉంది కనుక ఇల్లు మా కియరీలో ఉన్నట్టేనని నా వాదం. "కాదు, ఉన్నది మా గడ్డ మీద. మాది ఆడదాని పేరుతో వెలసిన తెగ. పరాయివాడివి, మర్యాదగా ఉండు" అని ఆమె వాదం. కాపురమంతా ఇదే తగవు. ఓడినవాళ్లు రాయి దగ్గర నిలబడి ఆవుల ముందు ఒప్పుకోవాలని పందెం.

ఎవరు గెలిచారో తెలపగలరు.

ఇట్లు,
టైగ్ లీన్

తా.క. రాయి క్షేమం. ఆవులు వీపు గోక్కునేది దానికే.

*

శ్రీ టైగ్ లీన్ గారికి,

మీ భార్య మరణానికి విచారిస్తున్నాం. అయితే రక్షిత శిల పక్కన సమాధి కట్టడానికి అనుమతి ఇవ్వలేం. పూర్వులు అలా చేసిన మాట నిజమే గాని, వారు మాకు దరఖాస్తు పెట్టుకోలేదు.

భవదీయురాలు,
ఓర్లా క్విర్క్

తా.క. ఆవులను శిలకు దూరంగా ఉంచగలరు.

*

ఓర్లా క్విర్క్ గారికి, నమస్కారం.

ఆమెను శుక్రవారమే చర్చి దగ్గర, వాళ్ల నాన్న పక్కన పూడ్చాం. నేనడిగింది సమాధి గురించి కాదు, హద్దు గురించి. మా అన్న, "ఇంకా అక్కడెందుకురా, సొంత గడ్డకు వచ్చెయ్" అంటున్నాడు. ఇది ఎవరి గడ్డో తేలితే అతనికి జవాబు చెప్పాలి.

ఇట్లు,
టైగ్ లీన్

తా.క. మీ ఉత్తరం ఆవులకు చదివి వినిపించాను. అభ్యంతరం చెప్పలేదు. జరగనూ లేదు.

*

శ్రీ లీన్ గారికి,

మీరు కియరీ తెగ తరఫున ఆ తీరాన్ని తిరిగి కోరుతున్నట్టు గ్రహించాం. ఆ రాజ్యాలు రెండూ ఎన్నడో అంతరించాయి. అప్పగించడానికి ఒక రాజు లేడు, పుచ్చుకోవడానికి ఇంకొకడూ లేడు. అయినా పట్టుబడితే వంశవృక్షం జతపరచండి.

భవదీయురాలు,
ఓర్లా క్విర్క్

తా.క. మీరు రాజవంశీకులా? మా పెద్దాయన అడగమన్నారు.

*

ఓర్లా క్విర్క్ గారికి,

నాకు రాజ్యం వద్దు. ఆరు ఆవులున్నాయి. వాటినే ఏలలేకపోతున్నాను. మా ఇల్లు హద్దుకు తూర్పునా, పడమటా? ఒక్క మాట చాలు.

ఇట్లు,
టైగ్ లీన్

తా.క. మా తాత చేపలమ్మేవాడు. పెద్దాయనకు నా నమస్కారాలు.

*

శ్రీ లీన్ గారికి,

మిమ్మల్ని పొరపాటుగా అర్థం చేసుకున్నాను, మన్నించండి. పాత సర్వే పటం తీసి చూశాను. అందులో శిల మీ ఇంటికి తూర్పున, బాట పక్కన ఉంది. ఇప్పుడు పడమట ఉందంటే ఎవరో జరిపారన్నమాట. అది నేరం. విచారించి తెలపండి. తిరిగి పాత చోట పాతడానికి మా మనుషులు గురువారం వస్తారు.

భవదీయురాలు,
ఓర్లా క్విర్క్

తా.క. పందెం మీ భార్యే గెలిచారు. ఇల్లు కొర్క గ్వీనాలోనే ఉంది.

*

ఓర్లా గారికి, నమస్కారం.

విచారించాను. పొరుగింటి మురిష్ టీ కప్పు కింద పెట్టి, "ఇన్నాళ్లకా అడిగావు?" అన్నాడు.

మా పెళ్లికి వారం ముందు అతనూ గొబ్నిట్ కలిసి, రెండు గుర్రాలు కట్టి, రాయిని బాట పక్కనుంచి ఇంటి వెనక్కి లాగారట. ఎందుకని అతను అడిగాడట.

"ఇల్లరికం వస్తున్నాడు. అసలే బిడియస్థుడు. తన వాళ్ల గడ్డ దాటలేదనుకుంటే నిమ్మళంగా నిద్రపోతాడు పాపం. నోరు విప్పావో, చంపుతాను" అందట.

"మరి నాతో ఇన్నేళ్లు ఎందుకు పోట్లాడింది?" అన్నాను.

"గెలుస్తానని తెలిసిన పందెం ఎవరు వదులుకుంటారోయ్?" అన్నాడు మురిష్.

నేరం చేసిన మనిషి ఇప్పుడు మీకు అందదు. గురువారం మీ మనుషులు వస్తే టీ ఇస్తాను. రాయి మాత్రం ఆమె పెట్టిన చోటే ఉంటుంది. అన్నకు రానని చెప్పేశాను.

ఇట్లు,
టైగ్ లీన్,
కొర్క గ్వీనా

తా.క. రేపు ఉదయం పాలు పితికాక రాయి దగ్గరికి వెళ్లి, ఆవుల ముందు నిలబడి, ఓడిపోయానని ఒప్పుకుంటాను.