హాలు ముందు నీళ్ల గంగాళం

మంగళవారం, చోవా చూ కాంగ్, సింగపూర్

సాయంత్రం పాప తన స్కూల్ ప్రాజెక్టు చదివి వినిపించింది. కొరియా రాజుల ప్యాలెస్‌లో ఒక హాలు ముందు నీళ్ల గంగాళం పెట్టేవారట. నిప్పుల భూతం వస్తే, ఆ నీళ్లలో తన మొహం తానే చూసుకుని జడుసుకుని పారిపోవాలని. అయినా హాలు కాలిపోయింది.

"మరి భూతం గంగాళంలోకి చూడలేదా?" అన్నాను.

"ఫైర్ లోపలే స్టార్ట్ అయింది లా, అమ్మా. వాటర్ బయటుంది కదా."

నవ్వాను గానీ, మా హాల్లో సోఫా పక్కన చార్జింగ్‌లో ఉన్న మా ఆయన ఎలక్ట్రిక్ సైకిల్ బ్యాటరీ మీదికే చూపు పోయింది. ఒరిజినల్ దండగని, ఏదో చవకది ఆన్‌లైన్‌లో తెప్పించింది నేనే. ముట్టుకుంటే చుర్రుమంది.

గుమ్మం దగ్గర పూలు వేసిన నీళ్ల గిన్నెలోకి వంగి చూశాను. నా మొహమే కనిపించింది.

ప్లగ్గు పీకి గంటైంది. బ్యాటరీ ఇంకా చల్లారలేదు.