విచారణకు ముందే పెట్టిన సంతకం

జూలై 15, మంగళవారం. పొద్దుటి నుంచి ముసురు. పైరేకు కారుతుంటే తారు పూసి, తహసీల్ ఆఫీసుకు వెళ్లాను.

మా ఇల్లు ప్రభుత్వ స్థలంలో ఉందట. ఎందుకు ఖాళీ చేయించకూడదో ఈరోజు వచ్చి చెప్పుకోమని నోటీసు. పాత కరెంటు బిల్లులు, ఇంటి పన్ను రసీదులు సంచిలో పెట్టుకున్నాను. చెప్పాల్సింది ఒక కాగితం మీద వరుసగా రాసుకున్నాను.

గుమాస్తా ఏదో ఫారం జరిపి, "కాకా, ఈడ సంతకం పెట్టు" అన్నాడు. పెట్టాను. గనిలో పనిచేసిన ముప్పై ఏళ్లూ మస్టర్‌లో హాజరు ముందు పడేది, తర్వాతే లోపలికి దిగేవాళ్లం. ఇదీ హాజరే అనుకున్నాను. బెంచీ మీద కూర్చోబోతే, "ఇగ పో కాకా, అయిపోయింది" అన్నాడు.

"నేనింకా ఏం చెప్పనేలేదు గద బిడ్డా?"

"చెప్పినట్టు సంతకం పెట్టినవ్ గదనే. సార్ మీటింగుకు పోయిండు."

అప్పుడు చదివాను. 'నా వాదన పూర్తిగా విన్నారు' అని ఉంది, కింద నా పేరు. ఎవరూ నేర్పకుండా చదవడం నేర్చుకున్నవాణ్ణి, చదవకుండా సంతకం పెట్టాను. అక్కడే గట్టిగా నిలబడి అడగాల్సింది. వచ్చేశాను.

ఇంట్లో టీ ఇస్తూ రాజవ్వ అడిగింది. "సార్ ఇన్నడా?"

"ఇన్నడు."

"పెండ్లయి నలభై ఏండ్లాయె, నాతోనే నాలుగు మాటలు మాట్లాడవు. సార్‌తోని ఏం మాట్లాడినవయ్యా?" అని నవ్వింది. చాలా రోజులకు నవ్వింది. నిజం చెప్పలేకపోయాను.

రేపు మళ్లీ వెళ్లి, నన్ను వినలేదని రాసివ్వాలి. తీసుకుంటారో లేదో. నేను రాసుకున్న కాగితం మడత విప్పకుండా సంచిలోనే ఉంది. వాన పెరిగింది. తారు పూసిన చోట మళ్లీ చుక్క పడుతోంది, గిన్నె పెట్టాలి.